నోటిఫికేషన్ నుంచి హైకోర్టు గేటు దాకా: సర్కారీ కొలువుల కేసుల గురించి ఇంటిల్లిపాదీ తెలుసుకోవాల్సిన సంగతులు

తార్నాక చౌరస్తాలో మెట్రో దిగి ఉస్మానియా క్యాంపస్ వైపు నడిస్తే, బ్యాగులో టిఫిన్ డబ్బా, చేతిలో కరెంట్ అఫైర్స్ పుస్తకం పట్టుకుని లైబ్రరీకి పోయే పిల్లలు కనిపిస్తారు. యాకుత్‌పురాలోనో, డబీర్‌పురాలోనో ఎంఎంటీఎస్ ఎక్కి జామియా ఉస్మానియా స్టేషన్‌లో దిగేవాళ్లూ వాళ్లలో ఉంటారు. ఏదైనా పెద్ద పరీక్ష ఫలితం వచ్చిన సాయంత్రం అక్కడి టీ కొట్ల దగ్గర ఒకటే మాట: "కేసు వేద్దామా?"

ఆ మాట ఇంటికి చేరగానే అబ్బాకు గుబులు, అమ్మీకి దిగులు. ఖర్చు ఎంతవుతుంది? ఎన్నేళ్లు పడుతుంది? సర్కారు మీద కేసు వేస్తే రేపు ఇంకో ఉద్యోగానికి అడ్డం పడుతుందా? చివరి ప్రశ్నకు జవాబు ముందే చెప్పుకుందాం. నియామకాల్లో తప్పు జరిగిందని కోర్టుకు వెళ్లడం రాజ్యాంగం ఇచ్చిన హక్కు. అది క్రిమినల్ కేసు కాదు. పోలీసు వెరిఫికేషన్‌లో మచ్చగా చూడాల్సింది అసలే కాదు. మిగతా ప్రశ్నలకు జవాబు మాత్రం మీ ఫిర్యాదు ఎలాంటిది, మీ దగ్గర ఏ కాగితం ఉంది, మీరు ఏ తేదీన కదిలారు అన్న మూడింటి మీదే ఆధారపడి ఉంటుంది.

క్యాంపస్‌కు ఇది కొత్త గొడవ కాదు

ఉస్మానియా విశ్వవిద్యాలయం 1918లో ఉర్దూ మాధ్యమంలో మొదలైంది. దాన్ని స్థాపించిన ఏడో నిజాం మీర్ ఉస్మాన్ అలీ ఖాన్ హయాంలోనే మూసీ ఒడ్డున హైకోర్టు భవనం 1920లో ప్రారంభమైంది. చదువుకున్న పిల్లలు ఉద్యోగం కోసం ఈ క్యాంపస్ నుంచి ఆ కోర్టుకు వెళ్లడం మూడు తరాలుగా నడుస్తున్న కథ.

'ముల్కీ' అన్న మాట మన ఇళ్లలో పెద్దలకు బాగా తెలుసు. ముల్క్ అంటే దేశం, ముల్కీ అంటే ఈ గడ్డవాడు. సర్కారీ కొలువు స్థానికులకే ఇవ్వాలన్న నిబంధన నిజాం కాలంలోనే ఉంది. 15 ఏళ్లు ఇక్కడ నివాసం ఉంటే ముల్కీ కింద లెక్క. ఆంధ్రప్రదేశ్ ఏర్పడ్డాక ఈ రక్షణ సరిగా అమలు కావడం లేదన్న కోపంతోనే 1969లో ఉస్మానియా విద్యార్థులు రోడ్డెక్కారు. ఉద్యమం నడుస్తుండగానే, ఆ ఏడాది మార్చి 28న సుప్రీంకోర్టు ఏవీఎస్ నరసింహారావు కేసులో తీర్పు ఇచ్చింది. తెలంగాణ ప్రాంతానికి నివాస షరతు పెట్టిన 1957 నాటి చట్టంలోని సెక్షన్ చెల్లదని చెప్పింది. మళ్లీ 1972 అక్టోబర్ 3న అదే సుప్రీంకోర్టు, పాత ముల్కీ నిబంధనలు అమల్లోనే ఉన్నాయని మరో కేసులో తేల్చింది. ఆ తీర్పు వచ్చాక ఆంధ్ర ప్రాంతంలో ఉద్యమం లేచింది. చివరకు 1973లో ఆరు సూత్రాల పథకం, తర్వాత రాజ్యాంగంలో 371-డి అధికరణం, 1975లో రాష్ట్రపతి ఉత్తర్వులు వచ్చాయి.

నేటి 2018 రాష్ట్రపతి ఉత్తర్వులు ఆ దారిలో వచ్చినవే. వాటి ప్రకారం నేరుగా భర్తీ చేసే పోస్టుల్లో 95 శాతం స్థానికులకు దక్కుతాయి. 1 నుంచి 7వ తరగతి దాకా ఎక్కడ చదివారన్నదే అసలు లెక్క. అందుకే చిన్నప్పటి బోనఫైడ్ సర్టిఫికెట్లు పారేయొద్దు. బడికి వెళ్లకుండా ప్రైవేటుగా చదివిన పిల్లలకు నివాస ధ్రువీకరణ పత్రం కీలకం అవుతుంది.

ఇటీవలి కేసులు ఏం చెబుతున్నాయి

గ్రూప్-1, 2022. తెలంగాణ వచ్చాక వెలువడిన తొలి గ్రూప్-1 నోటిఫికేషన్ ఇదే. 503 పోస్టులు. 2022 అక్టోబర్ 16న ప్రిలిమ్స్ జరిగింది. పేపర్ లీకేజీ బయటపడటంతో 2023 మార్చిలో రద్దు చేశారు. జూన్ 11న మళ్లీ పెట్టారు. రెండోసారి బయోమెట్రిక్ హాజరు తీసుకోలేదని కొందరు అభ్యర్థులు హైకోర్టుకు వెళ్లారు. సెప్టెంబర్ 23న సింగిల్ జడ్జి పరీక్షను రద్దు చేశారు. కొద్ది రోజుల్లోనే డివిజన్ బెంచ్ కూడా దాన్ని సమర్థించింది. ఇక్కడ పిటిషనర్లను గెలిపించింది కమిషన్ సొంత నోటిఫికేషనే. బయోమెట్రిక్ తీసుకుంటామని అందులో రాసి, తర్వాత పాటించలేదు. తర్వాత 2024 ఫిబ్రవరి 19న పాత నోటిఫికేషన్‌ను రద్దు చేసి, 563 పోస్టులతో కొత్తది ఇచ్చారు.

గ్రూప్-1, 2024. కొత్త నోటిఫికేషన్ మీదా కేసులు ఆగలేదు. ముందు మెయిన్స్‌కు ఎంపిక పద్ధతి మార్చిన జీవో 29 మీద పోరాటం నడిచింది. పరీక్ష మొదలైన 2024 అక్టోబర్ 21నే సుప్రీంకోర్టు జోక్యానికి నిరాకరించింది. ఫలితాలొచ్చాక హాల్‌టికెట్ నంబర్లు ఎందుకు మార్చారు, దిద్దుబాటు ఎలా చేశారు, తెలుగు మీడియం వాళ్లకు అన్యాయం జరిగిందా అన్న ప్రశ్నలు వచ్చాయి. 2025 సెప్టెంబర్ 9న సింగిల్ జడ్జి జనరల్ ర్యాంకింగ్ జాబితాను కొట్టేసి, జవాబు పత్రాలు మళ్లీ దిద్దాలని, లేదంటే మెయిన్స్ మళ్లీ పెట్టాలని ఆదేశించారు. పదిహేను రోజులకే, సెప్టెంబర్ 24న, డివిజన్ బెంచ్ ఆ తీర్పు అమలును ఆపింది. నియామకాలు తుది తీర్పుకు లోబడి ఉంటాయంది. ఆ రాత్రే 562 మంది జాబితా వచ్చింది, 27న నియామక పత్రాలు అందాయి. ఒకే నెలలో రెండు వైపుల ఇళ్లలోనూ పండగా, ఏడుపూ రెండూ జరిగాయి.

గ్రూప్-2. 1,032 పోస్టులకు 2016 నవంబర్‌లో పరీక్ష జరిగింది. ఓఎంఆర్ షీట్లలో వైట్‌నర్ వాడకం, దిద్దుబాట్ల మీద కేసులు పడ్డాయి. 2019లో డివిజన్ బెంచ్ తీర్పు తర్వాత ఎంపిక జాబితా వచ్చి, వాళ్లు ఉద్యోగాల్లో చేరారు. 2025 నవంబర్ 18న సింగిల్ జడ్జి ఆ జాబితాను కొట్టేశారు. అదే నెలలో డివిజన్ బెంచ్ దాని అమలును ఆపింది. ఆరేళ్లు కొలువు చేసి, పెళ్లిళ్లు చేసుకుని, ఇంటి లోన్లు తీసుకున్నవాళ్లకు పొద్దున పేపర్ చదివితే ఎలా ఉండి ఉంటుందో ఆలోచించండి. కేసు వేసినవాళ్లదే కాదు, గెలిచి కూర్చున్నవాళ్లదీ ఇక్కడ బతుకు ప్రశ్నే.

కానిస్టేబుల్ నియామకాలు. 2022 నోటిఫికేషన్ తుది పరీక్షలో కొన్ని ప్రశ్నలు తప్పని, తెలుగు అనువాదం సరిగా లేదని పిటిషన్లు వచ్చాయి. నాలుగు ప్రశ్నలను తొలగించాలని 2023 అక్టోబర్‌లో సింగిల్ జడ్జి చెప్పారు. 2024 జనవరిలో డివిజన్ బెంచ్ ఆ తీర్పును పక్కన పెట్టి, ఉస్మానియా యూనివర్సిటీ నిపుణులతో స్వతంత్ర కమిటీ వేసి తేల్చాలని ఆదేశించింది. ప్రశ్న తప్పా ఒప్పా అన్నది న్యాయమూర్తి కన్నా సబ్జెక్టు తెలిసినవారు చెప్పాలన్నది కోర్టుల పాత మాట.

ఏ ఉద్యోగానికి ఏ కోర్టు

రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగం అయితే నేరుగా హైకోర్టు. గ్రూప్ పరీక్షలు, డీఎస్సీ, పోలీసు, గురుకులాలు అన్నీ ఇందులోకే వస్తాయి. ఒకప్పుడు అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్ ఉండేది. తెలంగాణకు సంబంధించి 2016లో దాన్ని రద్దు చేశారు. రాజ్యాంగంలోని 226 అధికరణం కింద రిట్ పిటిషన్ వేయాలి. ఆర్టీసీ లాంటి రాష్ట్ర సంస్థలకూ ఇదే దారి.

కేంద్ర ప్రభుత్వ ఉద్యోగం అయితే ముందు క్యాట్, అంటే కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్ హైదరాబాద్ బెంచ్. రైల్వే, పోస్టల్ వంటి శాఖలు దీని కిందికి వస్తాయి. 1997 నాటి ఎల్. చంద్రకుమార్ తీర్పు ప్రకారం క్యాట్ మీద అసంతృప్తి ఉంటే తర్వాత హైకోర్టుకు వెళ్లాలి. ముందే హైకోర్టుకు పోతే వెనక్కి పంపుతారు. తార్నాక, హబ్సిగూడ దారిలో ఉన్న జాతీయ పరిశోధన సంస్థల్లాంటి వాటికి దరఖాస్తు చేసినవాళ్లు, ఆ సంస్థ క్యాట్ పరిధిలో నోటిఫై అయిందో లేదో ముందు చూసుకోవాలి.

కోర్టు దేన్ని వింటుంది

"నా పేపర్ బాగా రాశాను, మార్కులు తక్కువ వేశారు" అన్న ఒక్క మాటతో కేసు నిలబడదు. కింది అయిదు రకాల ఫిర్యాదులను కోర్టులు పట్టించుకుంటాయి.

1. నోటిఫికేషన్‌లో రాసిన షరతును పాటించకపోవడం. బయోమెట్రిక్ కేసు దీనికి మంచి ఉదాహరణ.

2. ఆట మధ్యలో నియమాలు మార్చడం. భర్తీ మొదలయ్యాక, నిబంధనలు అనుమతిస్తే తప్ప అర్హత షరతులు మార్చకూడదని సుప్రీంకోర్టు అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం 2024 నవంబర్ 7న తేజ్ ప్రకాశ్ పాఠక్ కేసులో చెప్పింది.

3. స్పష్టంగా తప్పున్న కీ. 1983లో కాన్పూర్ యూనివర్సిటీ కేసు నుంచి సూత్రం ఇదే: కీ సరైనదేనని ముందు భావించాలి, చూడగానే తప్పని తేలితేనే జోక్యం చేసుకోవాలి. 2017 డిసెంబర్‌లో రణ్ విజయ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు దీన్ని ఇంకా బిగించింది. అనుమానం ఉంటే లాభం పరీక్ష పెట్టిన సంస్థకే అంది.

4. రిజర్వేషన్ లెక్కలో పొరపాటు. ఓపెన్ కోటాకు సరిపడా మార్కులు వచ్చిన బీసీ అభ్యర్థిని బీసీ కోటాలో వేస్తే, కింద ఉన్న ఇంకొకరి సీటు పోతుంది. ఇలా చేయకూడదని 2020 డిసెంబర్‌లో సౌరవ్ యాదవ్ తీర్పు తేల్చింది.

5. పెద్ద ఎత్తున అక్రమాలు. కొందరే తప్పు చేశారని వేరు చేయగలిగితే వాళ్లనే తీసేయాలి. మంచిదీ చెడ్డదీ విడదీయలేనంతగా కలిసిపోతేనే పరీక్ష మొత్తం రద్దు చేయాలి.

ఇంకో చేదు నిజం. ఎంపిక జాబితాలో పేరున్నంత మాత్రాన ఉద్యోగం హక్కు కాదని 1991లోనే శంకర్‌సన్ దాస్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయితే సర్కారు ఇష్టమొచ్చినట్టు పోస్టులు ఖాళీగా వదిలేయడానికీ వీల్లేదని అదే తీర్పులో ఉంది.

బీసీ-ఈ, ఈడబ్ల్యూఎస్: మన ఇళ్లలో ఎక్కువగా తడబడేది ఇక్కడే

ముస్లింలలో వెనుకబడిన వర్గాలకు రిజర్వేషన్ మొత్తం కోర్టు మెట్ల మీదుగానే నడిచింది. 2004లో జీవో ద్వారా ఇచ్చిన 5 శాతాన్ని, 2005లో చట్టం ద్వారా ఇచ్చిన 5 శాతాన్ని హైకోర్టు కొట్టేసింది. 2007లో 14 వర్గాలను గుర్తించి 4 శాతంతో చట్టం చేశారు. 2010 ఫిబ్రవరి 8న ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం 5:2తో దాన్నీ కొట్టేసింది. అదే ఏడాది మార్చి 25న సుప్రీంకోర్టు మధ్యంతర ఉత్తర్వులు ఇచ్చి, ఆ 14 వర్గాలకు 4 శాతం కొనసాగించవచ్చంది. ఇంతమంది పిల్లలు డాక్టర్లు, టీచర్లు, కానిస్టేబుళ్లు అయింది ఆ మధ్యంతర ఉత్తర్వు నీడలోనే.

షేక్, ఖురేషీ, ఫకీర్, అత్తర్, లబ్బీ, హజామ్, సిద్దీ వంటివి ఈ 14లో ఉన్నాయి. సయ్యద్, పఠాన్, మొఘల్ వంటివి లేవు. దూదేకుల వారు బీసీ-బీలో వస్తారు. బీసీ-ఈలో లేని కుటుంబాలు, వార్షికాదాయం 8 లక్షల లోపు ఉండి మిగతా షరతులూ సరిపోతే, 10 శాతం ఈడబ్ల్యూఎస్ కోటా వాడుకోవచ్చు. ఈ సంగతి తెలియక ఓపెన్‌లో పోటీ పడి పోగొట్టుకున్నవాళ్లు మన బస్తీల్లో ఎందరో.

కేంద్ర ఉద్యోగాలకు ఓబీసీ జాబితా వేరు. ఇక్కడ బీసీ-ఈ సర్టిఫికెట్ ఉన్నంత మాత్రాన అక్కడ ఓబీసీ అయిపోరు. మీ వర్గం కేంద్ర జాబితాలో ఉందో లేదో చూసుకున్నాకే టిక్ పెట్టండి.

సర్టిఫికెట్ తేదీ మీద జాగ్రత్త. గడువు దాటాక ఇచ్చిన ఓబీసీ సర్టిఫికెట్‌ను తీసుకోవాలని 2016లో రామ్‌కుమార్ గిజ్‌రోయా కేసులో సుప్రీంకోర్టు అంది. కానీ 2023లో దివ్య కేసులో, ఈడబ్ల్యూఎస్ సర్టిఫికెట్ గడువు తేదీలోగా చేతిలో ఉండాల్సిందేనని తీర్పు వచ్చింది. కాబట్టి తీర్పుల మీద ఆశ పెట్టుకోకుండా, నోటిఫికేషన్ రాకముందే మీసేవలో దరఖాస్తు పెట్టి కుల ధ్రువీకరణ, నాన్ క్రీమీలేయర్, ఆదాయం మూడూ తీసి ఉంచుకోవాలి. ఆధార్‌లో ఒక స్పెల్లింగ్, మెమోలో ఇంకోటి ఉంటే ఇప్పుడే సరిచేయించండి. మహమ్మద్, మొహమ్మద్, ఎండీ అన్న మూడు రకాల రాతలు వెరిఫికేషన్ టేబుల్ దగ్గర మనవాళ్లను ఎంత సతాయిస్తాయో వేరే చెప్పక్కర్లేదు.

గడువు, కాగితాలు, ప్రతివాదులు

క్యాట్‌కు వెళ్లాలంటే తుది ఉత్తర్వు వచ్చిన ఏడాదిలోపు వెళ్లాలి. హైకోర్టు రిట్‌కు అలాంటి అంకె లేదు. కానీ ఆలస్యం చేస్తే "ఇన్నాళ్లు ఏం చేశారు?" అన్నదే మొదటి ప్రశ్న. నియామక పత్రాలు పంచాక వెళ్తే పని రెట్టింపు కష్టం.

పరీక్షకు ముందే నోటిఫికేషన్‌లో తప్పు కనిపిస్తే అప్పుడే లిఖితపూర్వకంగా అభ్యంతరం చెప్పాలి. మౌనంగా పరీక్ష రాసి, ఓడిపోయాక విధానం తప్పంటే ఒప్పుకోమని 1995లో మదన్‌లాల్ కేసు నుంచి కోర్టులు చెబుతున్నాయి. విధానమే చట్టవిరుద్ధం అయితే ఈ అడ్డు వర్తించదని 2019లో మీతా సహాయ్ కేసులో కాస్త సడలింపు వచ్చింది. కీ మీద అభ్యంతరం చెప్పే కిటికీ కొద్ది రోజులే తెరిచి ఉంటుంది. అప్పుడు ఆధారంతో అభ్యంతరం పెట్టినవాళ్ల మాటే తర్వాత కోర్టులో నిలుస్తుంది.

దాచుకోవాల్సినవి ఇవి:
- నోటిఫికేషన్ పూర్తి పీడీఎఫ్, దాని సవరణలు
- దరఖాస్తు కాపీ, ఫీజు రసీదు, హాల్‌టికెట్
- ఓఎంఆర్ కార్బన్ కాపీ, ప్రాథమిక కీ, తుది కీ
- మీరు పెట్టిన అభ్యంతరం, దాని అక్నాలెడ్జ్‌మెంట్
- ఫలితం పేజీ స్క్రీన్‌షాట్, తేదీ కనిపించేలా

తన జవాబు పత్రం చూసుకునే హక్కు అభ్యర్థికి ఆర్టీఐ కింద ఉందని 2011లో సుప్రీంకోర్టు ఆదిత్య బందోపాధ్యాయ్ కేసులో చెప్పింది. సివిల్ సర్వీసెస్ విషయంలో 2018లో ఆ హక్కును పరిమితం చేసింది. అయినా ఆర్టీఐ దరఖాస్తు పెట్టడం మానొద్దు. నిరాకరించిన లేఖ కూడా ఒక కాగితమే.

ఇంకో ముఖ్యమైన విషయం. మీరు గెలిస్తే ఉద్యోగం పోయేవారిని, కనీసం వారిలో కొందరిని, కేసులో ప్రతివాదులుగా చేర్చాలి. 1984 ప్రబోధ్ వర్మ తీర్పు నుంచి ఇది స్థిరపడిన సూత్రం. అది చేయక మంచి కేసులు కూలిపోయాయి.

ఖర్చు, కాలం

ఒకే ఫిర్యాదు ఉన్న పదిమంది కలిసి వెళ్తే ఫీజు భారం తగ్గుతుంది. అయితే తీర్పు లాభం చాలాసార్లు కోర్టుకు వెళ్లినవారికే దక్కుతుంది. "వాళ్లు గెలిస్తే మనకూ వస్తుంది" అని ఇంట్లో కూర్చోవడం నమ్మకం లేని లెక్క. సంఘం పేరుతో చందా వసూలు చేసేవాళ్లను పిటిషన్ నంబర్ అడగండి. ఆ నంబర్ హైకోర్టు వెబ్‌సైట్‌లో కొడితే కేసు ఎక్కడుందో మీకే కనిపిస్తుంది.

లీగల్ సర్వీసెస్ అథారిటీస్ చట్టం, 1987 ప్రకారం మహిళలకు ఆదాయంతో పనిలేకుండా ఉచిత న్యాయ సహాయం ఉంది. దివ్యాంగులకూ ఉంది. మిగతావారికి ఆదాయ పరిమితిని బట్టి ఇస్తారు. హైకోర్టు లీగల్ సర్వీసెస్ కమిటీకి దరఖాస్తు పెట్టుకోవాలి. మన ఆడపిల్లల్లో ఈ దారి వాడుకునేవాళ్లు చాలా తక్కువ.

కాలం గురించి దాచేదేమీ లేదు. ఉమ్మడి రాష్ట్రంలో 2011లో వచ్చిన గ్రూప్-1 నోటిఫికేషన్ మెయిన్స్, కీ తప్పుల మీద కేసులు సుప్రీంకోర్టు దాకా వెళ్లాక, తెలంగాణలో మళ్లీ జరిగింది 2016లో. డీఎస్సీ-2008లో నష్టపోయిన బీఈడీ అభ్యర్థులకు కాంట్రాక్టు పద్ధతిలో పోస్టులు దక్కేసరికి 2025 వచ్చింది. అప్పటికి వాళ్ల పిల్లలు పదో తరగతికి వచ్చారు.

కాబట్టి పిటిషన్ వేసిన మర్నాడు కూడా పిల్లలు పుస్తకం ముందు కూర్చోవాలి. వయోపరిమితి గడియారం కోర్టు వాయిదాల కోసం ఆగదు. కేసు ఫైలు అబ్బా చూసుకోవచ్చు, భాయీజాన్ చూసుకోవచ్చు. నెలకోసారి లాయర్‌కు ఫోన్ చేసే పని ఒకరికి అప్పగించండి. చదివే బిడ్డను వాయిదాల చుట్టూ తిప్పకండి. తార్నాకలో మెట్రో దిగి లైబ్రరీకి నడిచే ఆ దారి మాత్రం ఆగకూడదు. తదుపరి నోటిఫికేషన్‌లో ఉద్యోగం వస్తే, కోర్టు తీర్పు ఎటు వచ్చినా ఇంట్లో దీపం వెలుగుతుంది.